రెండు మాటల వేషం

సాక్షి రంగారావు పక్కన ఎవరు నిలబడ్డా మన చూపు ఆ పక్కవాళ్ల మీదే ఉండేది. ఆయన గొప్పతనం అదే అంటాను నేను. గుడివాడ దగ్గర కొండిపర్రు మనిషి. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో స్టెనోగా పనిచేస్తూ నాటకాలాడేవారు. 1967లో బాపు తొలి సినిమా ‘సాక్షి’లో కరణం వేషం వేశాక సినిమా పేరే ఇంటిపేరైపోయింది. 2005లో పోయేనాటికి నాలుగు వందల పైచిలుకు సినిమాలు చేశారు. పోస్టర్ల మీద మాత్రం ఆయన్ని వెతుక్కోవాలి.

‘స్వర్ణకమలం’లో ఓంకారాన్ని చూడండి. భార్య శ్రీలక్ష్మి పూజల మధ్య నలిగిపోయే బక్కపలచటి మొగుడు. ఆవిడ మాట్లాడుతున్నంతసేపూ ఈయన వింటూ ఉంటాడు. మనం నవ్వేది ఆవిడ మాటలకే, కానీ ఆ నవ్వు పుట్టేది ఈయన మొహంలో. ఎదుటివాళ్ల మాట పూర్తయ్యేదాకా ఆగడం స్టెనో ఉద్యోగం నేర్పిన విద్యేమో!

మా అండమాన్ దీవుల మాయాబందర్‌లో ఉగాది నాటకానికి పిల్లల్ని పోగేస్తే అందరూ ముందు డైలాగులు లెక్కపెడతారు. “మాస్టారూ, నాకు రెండే మాటలా?” అని మూతి ముడుస్తారు. వాళ్లకి జపాను నటుల సంగతి చెబుతుంటాను. కురొసావా ‘సెవెన్ సమురాయ్’లో క్యూజో వేషం వేసిన సెయిజి మియాగుచి రంగస్థలం నుంచి వచ్చినవాడు. సినిమాలో క్యూజో దొంగల మీదికి రాత్రి ఒంటరిగా వెళ్లి, తెల్లారి తుపాకీతో తిరిగొస్తాడు. ఇద్దర్ని చంపానని ముక్తసరిగా చెప్పి, ఓ పక్కన కూలబడి కళ్లు మూసుకుంటాడు. అంతే. అతను ఎంతటివాడో మనకి చెప్పేది, నోరు తెరుచుకుని చూస్తున్న పడుచు సమురాయ్ కళ్లు. ఆ కుర్రాడు ఇసావో కిమురా. ఈ ఇద్దరి పేర్లూ ఆ సినిమా స్టారు మిఫునె అభిమానుల్లోనే చాలామందికి తెలియవు.

రిహార్సల్లో అసలు తంటా చేతులతోనే. మాట లేనివాడు చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలీక జేబులు తడుముకుంటాడు. పంచెకి జేబులుండవురా అబ్బాయీ అంటే అందరూ నవ్వుతారు. భుజం మీద కండువా వేసి, పక్కవాడి మాట చెవిన పడేదాకా దాన్ని ముట్టుకోవద్దంటాను. నాలుగోసారికి కాస్త దారిలో పడతాడు.

ఈసారి కరణంగారి గుమస్తా వేషం ఇంకా ఖాళీగా ఉంది. తెలుగులో హిందీ యాస ఉన్నా ఫరవాలేదు. రెండే మాటలు, మిగతాదంతా వినడమే. ఓపికున్నవాళ్లు వచ్చి కలవండి.