చలముగారి ‘బిడ్డల శిక్షణ’ – నిలువలేని బిడ్డ

గుడిపాటి వెంకటచలముగారి పేరు విన్నతోడనే మన గృహస్థులలో ననేకులు పుస్తకమును దూరముగా నుంచెదరు. 1927లో వెలువడిన ‘మైదానము’ రేపిన యా భయము ‘బిడ్డల శిక్షణ’కు గూడ నంటుట అన్యాయము. తెనాలిలో పెరిగి, పాఠశాలల తనిఖీయధికారిగా బడుల లోపలి సంగతుల నెఱిగిన యాయన, బిడ్డను కొట్టరాదనియు, బెదరింపరాదనియు, వాని స్వేచ్ఛను మన్నింపవలెననియు నిందు వాదించిరి. బెత్తము లేని బడిని ఊహించుటయే కష్టమైన దినములలో నిట్లు వ్రాయుట సాహసము. దేశమంతటను బడిలో దేహదండనమును, మానసిక హింసను నిషేధించిన విద్యాహక్కు చట్టము 2009లో గాని రాలేదు.

అయినను నేడు మరల చదువగా మాకొక వెలితి తోచినది. నిలువలేని బిడ్డ యిందు లేడు. లెక్క చేయ కూర్చుండి రెండవ పంక్తికే లేచిపోవువాడు, ప్రశ్న ముగియకమునుపే బదులు చెప్పువాడు, పుస్తకమెచట విడిచెనో యెఱుగనివాడు. దీనిని వైద్యులు అటెన్షన్ డెఫిసిట్ హైపర్ యాక్టివిటీ డిజార్డర్ అనుచున్నారు. అవధానలోపము, అతిచాంచల్యము అని మన మనుకొనవచ్చును. లక్షణములు 12 ఏండ్లలోపుననే పొడసూపి, ఇంటను బడిలోను గూడ బాధించినగాని యీ పేరు పెట్టరాదని 2013 నాటి అమెరికా మనోవైద్యసంఘ గ్రంథము విధించినది. అల్లరి చేసిన ప్రతి బిడ్డకు నిది తగదు.

అట్టివానికి బెత్తమును తొలగించుట మేలే. కాని వట్టి స్వేచ్ఛ యిచ్చినచో నతడు దానిలోనే దారి తప్పును. చలముగారి వాదమునకు కాలు తడబడినది ఇచ్చటనే. మన చదువుకొన్న తండ్రులు చేసిన పొరపాటు వేఱు: కొట్టుట మాని, బిడ్డను గంటసేపు ఎదుట కూర్చుండబెట్టి నీతులు చెప్పుచున్నారు; దానినే మాటలచేత చికిత్స యని భ్రమించుచున్నారు. బిడ్డకు నీతి తెలియక కాదు. తెలిసినది చేయవలసిన క్షణమున మనసునకు అందకపోవుటయే వాని యిక్కట్టు. గంట ఉపన్యాసము ఆ క్షణమునకు ఏమి సాయపడును?

చిన్నబిడ్డల విషయమున వైద్యుడు మాటలాడవలసినది మొదట తల్లిదండ్రులతో. 4, 5 ఏండ్ల వారికి మందుకంటె ముందు తల్లిదండ్రుల తర్ఫీదునే అమెరికా శిశువైద్యసంఘము 2019లో విధించినది. ఆ తర్ఫీదులో నున్న దేమి? మిరప కల్లమునొద్ద తాలుకాయలు ఏరుచున్న తల్లిని తలచుకొనుడు. బడికి పోవు కొడుకును జూచి ‘బుద్ధిగా ఉండరా’ యని పదిమార్లు కేకవేయును, వాడు వినడు. తర్ఫీదు పొందిన తల్లి లేచి వాని దగ్గఱకు పోయి, ‘లెక్కల పుస్తకము తెచ్చి యీ పట్టామీద కూర్చో నాయనా’ యని యొక్క పనియే చెప్పును. తెచ్చిన తోడనే మెచ్చుకొనును. మెప్పును రాత్రికి దాచదు. మూడు లెక్కలు చేసిన పిమ్మట కొంతసేపు పరుగెత్తనిచ్చును. చిన్న తప్పులను చూడనట్లుండును. ఇంతే, కాని నిత్యము చేయుట సులభము కాదు.

పెద్దవారి సంగతి వేఱు. 2010లో సఫ్రెన్ మున్నగువారు, మందు వాడుచున్నను బాధ తీఱని 86 మంది వయోజనులను పరీక్షించి, కాలమును, పనులను క్రమపఱచుకొనుట నేర్పు సంభాషణచికిత్స విశ్రాంతి సాధనముకంటె మేలని చూపిరి. ఇక మందునే ద్వేషించువారికొక మాట: 1999లో వెలువడిన అమెరికా పరిశోధనలో 579 మంది బాలబాలికలను 14 నెలలు చూడగా, ముఖ్యలక్షణములను తగ్గించుటలో జాగ్రత్తగా నిచ్చిన మందు నడవడిచికిత్సను మించినది. మాటలు గొప్పవని మందును పాఱవేయరాదు.

చలముగారి పుస్తకము పేరు బిడ్డల శిక్షణయే కాని, అందలి యుపదేశము పెద్దలకు. నేటి వైద్యులును ఆ తలుపునే తట్టుచున్నారు. అందుచేతనే యీ గ్రంథమును మేము త్రోసిపుచ్చలేము. దానికింకొక యధ్యాయము చేర్పవలెను. వ్రాయువారు మాత్రము గుంటూరు, ప్రకాశము మండలముల యిండ్ల నెఱిగినవారై యుండవలెను. పత్తి తీతలనాడు, మిరప కోతలనాడు తల్లిదండ్రు లిరువురును తెల్లవాఱకమునుపే చేలకు పోవుదురు. అనేకగృహములలో బిడ్డయొద్ద నుండునది అమ్మమ్మయో నాయనమ్మయో. ఆ యధ్యాయమును ఆమెకు చదివి వినిపింపవలసియుండును.