తనకును వర్తించు మాట

"పెద్దలు చెప్పినంతమాత్రమున దేనిని నమ్మవలదు" అని యొకనాడు మా పెద్దమ్మాయికి గంభీరముగా బోధించితిని. వంటయింటి గడపకడ గూర్చుండి చిక్కుడుకాయల యీనెలు తీయుచున్న యా పిల్ల తలయెత్తకయే, "నాన్నగారూ, ఇదియు పెద్దలు చెప్పిన మాటయే కదా! నమ్మవలెనా, మానవలెనా?" అని యడిగినది. నేను చెప్పితినని నమ్మినచో నా మాటను మీరినట్లగును. నమ్మనిచో పెద్దలు చెప్పినదెల్ల మరల నమ్మవచ్చును. నాకు బదులు తోచలేదు.

ఈ చిక్కు క్రొత్తది గాదు. భర్తృహరి వాక్యపదీయము మూడవ కాండమున, సంబంధసముద్దేశమునందు, తాను పలుకునదంతయు అసత్యమను వాని వాక్యమును విచారించెను. ఆ వాక్యము తన్నుగూడ అసత్యమని చెప్పుకొన్నచో వక్త యుద్దేశించిన యర్థమే సిద్ధింపదు. కావున నది తన్ను విడిచి తక్కిన మాటలనే చెప్పునని యాతని సమాధానము. ఇంగ్లండున బర్ట్రండ్ రసెల్ 1908లో ప్రకటించిన వ్యాసమున, క్రీటు ద్వీపవాసులందరు అసత్యవాదులన్న క్రీటువాసి ఎపిమెనిడీసు కథతో నారంభించి, ఒక సముదాయమునంతటిని గూర్చి చెప్పునది యా సముదాయములోనిది కారాదని నియమించెను. దేశకాలములు వేరైనను ఇరువురు చేసిన పని యొక్కటే: మాటను దాని పరిధికి వెలుపల నిలిపిరి.

తర్కమున కీ యుపాయము చాలును. సంసారమునకు చాలదని నా మనవి. "ఇంట నెవరును అరవరాదు" అని యరచు యజమానియు తన మాట తనకు వర్తింపదనియే తలచును. స్త్రీవిద్యను గూర్చి సభలో నుపన్యసించి, సొంత కూతురిని పైచదువులకు పంపనొల్లని సంస్కర్తయు నంతే. భర్తృహరి వాక్యమును మినహాయించెను; వీరు తమ్మే మినహాయించుకొనిరి.

అయినను ప్రతి మాటయు తనమీదికి తిరిగినపుడు విరిగిపోదు. తాను పలుకునదెల్ల అసత్యమను మాట నిలువదు. "విచారింపక దేనిని నమ్మవలదు" అను మాట నిలుచును. దానినిగూడ విచారించి, సరియని తోచినచో గ్రహింపవచ్చును. సంస్కర్తలమనుకొను మనము ఇంట బలుకు మాటలను చదువరు లీ రాతిపై నొరసి చూచుకొందురు గాక. తనకు వర్తింపగూడని మాట యితరులకు జెప్పదగిన మాట కాదు.

నా మాటలో "పెద్దలు" అని యుండుటచే నేను వెలుపల నిలిచినట్లు భ్రమపడితిని. మరునాడు అమ్మాయితో, "నేను చెప్పినదియు విచారించియే నమ్ముము" అంటిని. ఆ పిల్ల కొంతసేపూరకుండి, "ఆలోచించి చెప్పెదను" అన్నది. అంతకంటె మంచి సమాధానమును నే నింతవరకు వినలేదు.