గడియ కుడుక చేసిన చెయ్యి

పెళ్లి ముహూర్తాన్ని నీళ్లతో కొలిచిన రోజుల్లో పురోహితుడికి దక్కిన గౌరవం గడియ కుడుక చేసిన కంచరికీ దక్కాల్సింది. చూడ్డానికి పలచటి రాగి గిన్నె, అడుగున సన్నటి బెజ్జం, అంతే. గంగాళంలో తేలేస్తే నీరు బెజ్జంలోంచి ఊటలా పైకుబుకుతుంది. అంచు మెల్లగా నీటిమట్టానికి దిగి, గిన్నె బుడుంగున మునుగుతుంది. అప్పటికి ఒక గడియ, అంటే 24 నిమిషాలు. పగలూ రాత్రీ కలిపి సరిగ్గా 60 సార్లు మునగాలన్నది సూర్యసిద్ధాంతమనే ప్రాచీన ఖగోళ గ్రంథం పెట్టిన పరీక్ష. నీళ్లు నిర్మలంగా ఉండాలనీ అందులోనే ఉంది. నలుసు అడ్డుపడితే ముహూర్తం దాటిపోతుంది మరి! బెజ్జం వెంట్రుకవాసి పెద్దదైతే గడియ ముందే నిండుతుంది. ముళ్లు, చక్రాలు ఏమీ లేకుండా, సుత్తిదెబ్బతో, బెజ్జం కొలతతో ఇంత కచ్చితం సాధించడం మామూలు పనితనం కాదు. ఏ గోడగడియారాన్ని చూసినా నాకింత అబ్బురం కలగదు.