క్రియోల్‌లో చెప్పిన వార్తలు

హైతీలో కోర్టులు, బడులు, పత్రికలు చిరకాలం ఫ్రెంచిలోనే నడిచాయి. జనం మాట్లాడేది క్రియోల్. చదువురాని రైతుకు ఫ్రెంచి పత్రిక ఎంతో, ఫ్రెంచి రేడియో కూడా అంతే. 1957 నుంచి 1986 దాకా నియంతలుగా ఏలిన దువాలియేలకు, తండ్రికీ కొడుక్కీ, ఈ ఏర్పాటు బాగానే కలిసొచ్చింది.

దాన్ని చెడగొట్టినవాడు జాన్ డొమినిక్. చదివింది వ్యవసాయ శాస్త్రం. రేడియో హైతీ ఇంటర్ తన చేతికొచ్చాక వార్తలూ చర్చలూ క్రియోల్‌లో మొదలుపెట్టాడు. వార్తలో ఏముందన్నది తర్వాత, అది ఎవరి భాషలో ఉందన్నది ముందు అన్నది నా వాదన. ఆ వాదనకు ఇంతకన్నా మంచి సాక్ష్యం దొరకదు. అమెరికాలోని డ్యూక్ విశ్వవిద్యాలయం భద్రపరిచిన ఆ ప్రసారాలను ఇప్పుడు ఎవరైనా వినవచ్చు. సొంత పాలకుణ్ని నేరుగా అనే వీలు లేని రోజుల్లో ఆ స్టేషన్ ఇతర దేశాల కబుర్లు చెప్పింది. 1979లో నికరాగువా నియంత సొమోజా కూలిపోతే ఆ వార్తను తీరిగ్గా, వివరంగా వినిపించింది. దువాలియే పేరెత్తనక్కర్లేకపోయింది.

అమెరికా ఎన్నికల్లో అధ్యక్షుడు కార్టర్ ఓడిపోవడంతో దువాలియే మీద మానవ హక్కుల ఒత్తిడి సడలింది. 1980 నవంబరు 28న స్టేషన్ మీద దాడి జరిగింది. విలేఖరులను అరెస్టు చేశారు, కొందరిని దేశం నుంచి వెళ్లగొట్టారు. డొమినిక్ వెనెజువెలా రాయబార కార్యాలయంలో తలదాచుకుని న్యూయార్క్ చేరాడు. దువాలియే పారిపోయాక, 1986 మార్చిలో, ఆయన తిరిగొస్తే విమానాశ్రయానికి దాదాపు 60 వేలమంది వచ్చారు. 1991 సైనిక కుట్ర తర్వాత మళ్లీ ప్రవాసం, 1994లో మళ్లీ రాక.

శ్రోతలే ఇలాంటి రేడియోకు రక్ష అని ఇక్కడ ముగించేయడం తేలిక. 2000 ఏప్రిల్ 3 ఆ మాట నిలవనివ్వలేదు. ఎన్నికైన అధ్యక్షుడు ప్రెవాల్ పాలనలో, ఉదయం వార్తల కోసం వచ్చిన డొమినిక్‌ను స్టేషన్ ఆవరణలోనే కాల్చి చంపారు. ఆయనతోపాటు ఒక ఉద్యోగీ చనిపోయాడు. నియంత కాలంలో దాడికి వచ్చినవాళ్లెవరో అందరికీ తెలుసు; ఈసారి ఎవరు చేయించారో తేలలేదు. దర్యాప్తు చేసిన న్యాయమూర్తి ఒకరు దేశం విడిచి వెళ్లారు. డొమినిక్ భార్య, సహపాత్రికేయురాలు మిషెల్ మోంటాస్ స్టేషన్ నడుపుతుండగా, 2002 క్రిస్మస్ నాడు ఆమె ఇంటిమీద దాడి జరిగి అంగరక్షకుడు చనిపోయాడు. ఇంకెవరూ చావకూడదని 2003 ఫిబ్రవరిలో ప్రసారాలను ఆమే ఆపేశారు.