పీటర్ బాచో ‘సాక్షి’

హంగేరియన్ చలనచిత్ర దర్శకుడు పీటర్ బాచో (1928–2009) మొదట రచయిత, దర్శకత్వము తరువాతిది. ఈ వరుసను గుర్తింపనిదే అతని హాస్యము బోధపడదు. ప్రభుత్వ చిత్రశాలలో ఇతరుల చిత్రములకు కథ సమకూర్చుటలో అతనికి చేయి తిరిగినది. జోల్తాన్ ఫాబ్రి తీసిన ‘నరకములో రెండు అర్ధభాగములు’ (1961) రచన అతనిదే. పైవారు కోరిన మాటను పాత్ర నోట పలికించుట ఎట్టిదో ఆ కాలపు రచయితకు ఒకరు నేర్పనక్కరలేదు.

1969లో అతడు తీసిన ‘సాక్షి’కి ఇదియే వస్తువు. యోజెఫ్ పెలికాన్ డాన్యూబ్ కరకట్టకు కావలివాడు, పెద్ద సంసారి. దొంగచాటుగా పందిని కోసి చెరసాల పాలగును. అంతలో పైవారి దయ కలిగి విడుదల, వెనువెంటనే పదవులు! ఈతకొలను, వినోదవనము, నారింజ పరిశోధన సంస్థ ఒకదాని వెనుక నొకటి అతని చేతికి వచ్చును. తనకు అర్హత లేదని మొరపెట్టుకొన్నను వినువారు లేరు. ఈ దయకు మూల్యము చివర తెలియును: పాత మిత్రుడైన మంత్రికి వ్యతిరేకముగా సాక్ష్యము చెప్పవలెను. మంత్రిగా పనిచేసిన లాస్లో రాయ్క్‌ను 1949లో కల్పిత నేరములు మోపి ఉరితీసిరి. హంగేరియన్ ప్రేక్షకునికి అంతకుమించిన వ్యాఖ్య అవసరము లేదు.

అందరును చెప్పుకొనునది నారింజ ఘట్టము. పండిన ఒక్క పండును పెలికాన్ బిడ్డ తినివేయగా, ఉత్సవమునకు వచ్చిన నాయకుని చేతికి నిమ్మపండు అందింతురు. కొంచెము పసుపైనను, పులుపైనను అది మనదేనని పెలికాన్ సమర్థించును. 1989లో వెలసిన ఒక పత్రిక ‘హంగేరియన్ నారింజ’ అని పేరు పెట్టుకొన్నదన్న ఆ హాస్యము ఎంతగా నాటుకొన్నదో తెలియును. కాని చిత్రపు అసలు వాడి వేరొకచోట ఉన్నది. వల్లె వేయవలసిన సాక్ష్యమునకు బదులు పెలికాన్‌కు పొరపాటున మరియొక కాగితము అందును. అది తీర్పు, విచారణ ఇంకను ఆరంభము కాలేదు. కథను ముందే వ్రాసి మనుష్యులను అందులో ఇమిడ్చినవాడే ఊహింపగల ఘట్టమిది.

లోపము లేకపోలేదు. పెలికాన్‌ను నడిపించు అధికారి విరాగ్ (తెలుగు చెవికి విరాగియే, హంగేరియన్‌లో పువ్వని అర్థము) వెగటు కలుగవలసినచోట ముద్దు గొలుపును. నిందితుడైన మంత్రి నీడగానే మిగిలిపోవును. ఉరికంబమెక్కినవారి ఇండ్లలో ఈ నవ్వు ఎట్లు వినిపించునో చిత్రము అడుగదు. అయినను దానిని నిరపాయమనుటకు వీలులేదు. ఏలికలు పదేండ్లు దానిని పెట్టెలో బంధించిరి. 1979లో ప్రదర్శనకు వచ్చినది. 1981లో కాన్ ఉత్సవమునకు చేరినది.

ఆ నడుమ బాచో ఊరకుండలేదు. 1970 తరువాత కర్మాగార జీవితముపై చిత్రములు తీసెను. వానిలో ప్రశ్నలు సూటియైనవి, కాని సంభాషణలు ఉపన్యాసములవైపు మొగ్గును. 1990ల నడుమ పెలికాన్‌ను మరల తెరపైకి తెచ్చెను. నటుడు ఫెరెన్స్ కాలాయ్ ఆ పాతవాడే. చుట్టును ఏలిక మారినది. ఏమి మాట్లాడినను శిక్షించువారు లేరు. ఆ చిత్రములోని పరిహాసము పలుచనగుటకు కారణమును అక్కడనే వెదకవలెను.