తూకమునకు అందని మత్తు

మాదకద్రవ్యములు అనగానే విద్యార్థుల మనస్సులో మెదలునవి హెరాయిన్, కొకెయిన్, గంజాయి. హైదరాబాదు నగరములో అంబర్‌పేట, గోల్నాక వంటి పేటలలో పెరిగినవారికి మాత్రము అంతకంటె దగ్గరి మాట మరియొకటి కలదు: కల్లు కాంపౌండు. పగలంతయు రాళ్లు మోసిన కూలి సాయంకాలము అక్కడ ఒక సీసా త్రాగి ఇంటికి పోవును. ఆ సీసాలోనిది చెట్టు ఇచ్చినదా, మందుల కార్ఖానా ఇచ్చినదా? ఈ ప్రశ్నకు రసాయనశాస్త్రము చెప్పు జవాబునకును, మన చట్టము చెప్పు జవాబునకును నడుమ ఎంత దూరమున్నదో చూచుట ఈ వ్యాసము ఉద్దేశము.

చెట్టు కల్లు, కార్ఖానా కల్లు

తాటి, ఈత చెట్లనుండి దిగు తీయని రసమును నీరా అందురు. ఈస్టు అను సూక్ష్మజీవులు అందలి చక్కెరను ఆల్కహాలుగాను, బొగ్గుపులుసు వాయువుగాను మార్చును. ఇట్లు పులిసినదే కల్లు. దానిలో ఆల్కహాలు సుమారు నూటికి నాలుగైదు పాళ్లు మాత్రమే. మరునాటికి దానిలో ఎసిటిక్ ఆమ్లము పెరుగును. నోట పెట్టుకొనుటకు వీలుకాని పులుపు వచ్చును. కల్లు నిలువ ఉండు సరకు కాదు. చెట్టు ఉన్న చోటనే, దిగిన నాడే త్రాగవలసినది.

ఈ ఒక్క రసాయనిక సత్యములోనే నగరపు చిక్కు అంతయు ఇమిడి ఉన్నది. నగరములో చెట్లు కొద్ది; త్రాగువారు వేలకు వేలు. ఈ లోటును పూడ్చుటకు నీళ్లు, తీపికి సాకరిన్, మత్తునకు నిద్రమందు వచ్చి చేరినవి. మొదట చేరినది క్లోరల్ హైడ్రేట్. క్లోరలును 1832లో జర్మనీ దేశపు లీబిగ్ తయారుచేసెను. 1869లో లీబ్రైక్ దాని హైడ్రేటు నిద్ర తెప్పించునని చూపెను. ఆ తరువాత 1963లో వాడుకలోనికి వచ్చిన డయజిపామ్, 1981లో అమెరికాలో అనుమతి పొందిన ఆల్ప్రాజోలం కల్లులోనికి దిగినవి. ఈ రెండును బెంజోడయజిపీనులు అను కుటుంబమునకు చెందినవి. వైద్యుని చేతిలో ఇవి మంచి మందులు. ఆందోళనను తగ్గించును, మూర్ఛను ఆపును. ఆల్ప్రాజోలం మాత్రలో ఉండు మందు సాధారణముగా 0.25 లేక 0.5 మిల్లీగ్రాము. ఇంత స్వల్పమైన మోతాదే కల్తీదారునకు వరమైనది: చిటికెడు పొడి పీపాలకు పీపాలను మత్తెక్కించును.

ఈ మందు దూరదేశమునుండి రానక్కరలేదు. 1961లో ఏర్పడిన ఐడిపిఎల్ సంస్థ హైదరాబాదులో పెట్టిన కార్ఖానాతో మొలకెత్తిన ఔషధ పరిశ్రమ ఈనాడు దేశమునకే గర్వకారణము. ఆ నైపుణ్యమే ప్రక్కదారి పట్టి, సంగారెడ్డి ప్రాంతములో రహస్యముగా ఆల్ప్రాజోలం తయారుచేయువారు ఇటీవలి సంవత్సరములలో పలుమార్లు పట్టుబడిరి. ఇందు చెట్టెక్కు గీతకార్మికుని తప్పు వెదకుట అన్యాయము. కల్తీవలన అతని వృత్తికే చెడ్డపేరు వచ్చినది.

చట్టము పుట్టిన విధము

మత్తుపదార్థముల విషయములో ప్రభుత్వములకు రెండు ముఖములు. ఒకటి రాబడి చూచునది, రెండవది నిషేధము చెప్పునది. ఆంగ్లేయులు నల్లమందును తామే పండింపజేసి, తామే అమ్మి, చీనాకు పంపిరి. నిజాం రాజ్యములో ఆబ్కారీ ఖజానాకు ముఖ్యమైన పద్దు. నేడు కళాశాలలకు పేరొందిన నారాయణగూడలో ఒకనాడు ప్రభుత్వ సారాబట్టీ ఉండెడిది. స్వాతంత్ర్యము వచ్చిన తరువాతను ఈ రెండు ముఖములు పోలేదు. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో స్త్రీలు లేవనెత్తిన ఉద్యమమునకు తలవంచి 1993లో సారాను, 1995లో మద్యమంతటిని నిషేధించిన ప్రభుత్వమే, 1997లో రాబడి చాలక నిషేధమును సడలించినది. హైదరాబాదులో కల్లు దుకాణములు 2004లో మూతపడినవి. 2014లో గీతవృత్తిని నిలుపుటకని మరల తెరువబడినవి.

విజ్ఞానమును అడిగి పాలించిన సందర్భము ఒకటి మాత్రము చరిత్రలో కనిపించును. గంజాయి వాడుకను విచారించుటకు 1893లో ఒక సంఘము ఏర్పడెను. అది 1,193 మంది సాక్షులను విచారించి, 1894లో ఏడు సంపుటముల నివేదిక ఇచ్చెను. మితమైన వాడుకవలన చెప్పుకోదగిన హాని లేదనియు, అమితమైన వాడుక హానికరమనియు, పూర్తి నిషేధముకంటె పన్నును, అదుపును మేలనియు దాని తీర్పు. ఆ విచారణకును లోపములు లేకపోలేదు. సాక్షుల మాట ప్రయోగమునకు సాటి రాదు. అయినను ఎంత వాడిన ఎంత హాని అను ప్రశ్నను అది అడిగినది. శాస్త్రమునకు ఆ ప్రశ్నయే మొదటి మెట్టు.

తరువాతి శతాబ్దములో ఆ ప్రశ్న మరుగునపడినది. 1925 జెనీవా ఒడంబడిక గంజాయిని అంతర్జాతీయ అదుపులోనికి తెచ్చినది. 1961 ఒడంబడిక వైద్యేతరమైన వాడుకను మాన్పుటకు గడువు పెట్టినది. 1971 ఒడంబడిక నిద్రమందులవంటి మనఃప్రభావక పదార్థములకు వల వేసినది. వీటికి అనుగుణముగా మన పార్లమెంటు 1985లో మాదకద్రవ్యముల చట్టము చేసినది. 2001లో దానిని సవరించి, పట్టుబడిన పదార్థపు తూకమునుబట్టి శిక్ష నిర్ణయించు పద్ధతి ప్రవేశపెట్టిరి. ఉద్దేశము మంచిదే: త్రాగుబోతును, వ్యాపారిని ఒకే గాట కట్టకూడదని. తూకము స్వల్పమైనచో గరిష్ఠ శిక్ష ఇప్పుడు ఒక సంవత్సరము. వాణిజ్య పరిమాణము మించినచో కనీసము పది సంవత్సరముల కఠిన కారాగారము, లక్ష రూపాయల జుల్మానా. బెయిలు దొరకుటయు దుర్లభము.

ఒక చెంచా లెక్క

ఇక లెక్క చూడవలెను. గంజాయికి స్వల్ప పరిమాణము 1 కిలోగ్రాము, వాణిజ్య పరిమాణము 20 కిలోగ్రాములు. హెరాయినునకు 5 గ్రాములు, 250 గ్రాములు. ఆల్ప్రాజోలమునకు 5 గ్రాములు, 100 గ్రాములు. అర మిల్లీగ్రాము మాత్రల లెక్కన 100 గ్రాముల ఆల్ప్రాజోలం రెండు లక్షల మాత్రలకు సరిపోవును. అంత సరకు చేతనున్నవాడు వ్యాపారియే. ఇంతవరకు చట్టము సబబుగానే ఉన్నది.

చిక్కు మిశ్రమముతో వచ్చును. పట్టుబడిన దానిలో అసలు మందును మాత్రమే తూచవలెనా, కలిసిన తటస్థ పదార్థమునుగూడ తూచవలెనా? 2008లో సుప్రీంకోర్టు ఒక హెరాయిన్ కేసులో అసలు మందునే లెక్కించవలెనన్నది. 2009లో కేంద్రప్రభుత్వము మొత్తము మిశ్రమమునే తూచవలెనని ప్రకటన చేసినది. 2020లో హీరాసింగ్ కేసులో సుప్రీంకోర్టు ఈ రెండవ పద్ధతినే ఖాయపరచినది.

కల్లునకు ఈ సూత్రమును అన్వయించి చూడవలెను. లీటరు కల్లులో 1 మిల్లీగ్రాము ఆల్ప్రాజోలం ఉన్నదని అనుకొందము. కల్లు సాంద్రత ఇంచుమించు నీటి సాంద్రతయే. కనుక 100 మిల్లీలీటర్ల కల్లు తూకము సుమారు 100 గ్రాములు. అందున్న మందు 0.1 మిల్లీగ్రాము, అనగా ఒక మాత్రలో ఐదవ వంతు. సూత్రమును అక్షరాల పాటించినచో ఆ అరగ్లాసు కల్లును, రెండు లక్షల మాత్రలకు చాలిన శుద్ధమైన పొడియు ఒకే గీత మీద నిలుచును. అసలు మందులో ఈ రెంటికిని గల భేదము పదిలక్షల రెట్లు. స్వల్ప పరిమాణము సంగతి ఇంకను విచిత్రము. 5 గ్రాముల కల్లు అనగా ఒక టీచెంచా. అంతకుమించి సీసాలో ఉన్నవాడు స్వల్ప పరిమాణపు మెట్టు దాటినవాడే.

ఇది కేవలము గణిత వినోదము కాదు. చికిత్సకు స్వచ్ఛందముగా సిద్ధపడిన వ్యసనపరుని శిక్షనుండి విడిచిపెట్టు దయగల సెక్షను ఒకటి, 64-ఏ, ఈ చట్టములోనే కలదు. అది సేవించిన నేరమునకు, స్వల్ప పరిమాణముతో పట్టుబడినవారికి మాత్రమే వర్తించును. సీసా తూకముతో కూలిని వ్యాపారిగా లెక్కించినచో ఆస్పత్రి తలుపు మూతపడి జైలు తలుపు తెరచుకొనును. కల్లు తటస్థ పదార్థమా కాదా అను వాదమునకు న్యాయస్థానములో చోటుండవచ్చును. కల్తీ కేసులు 1968 నాటి ఆబ్కారీ చట్టము క్రిందను నడచుచున్నవి. అయినను మనుష్యుని భవిష్యత్తు ఏ చట్టము క్రింద కేసు వ్రాసిరన్న దానిమీద ఆధారపడుట కొలతకు తగిన గౌరవము కాదు.

ఎదుటివారి వాదము

మొత్తము మిశ్రమమును తూచవలెనన్నవారి వాదము తేలికగా త్రోసివేయదగినది కాదు. బజారులో మందు శుద్ధముగా అమ్ముడుపోదు. కలిపి అమ్ముటయే ఆ వ్యాపారపు పద్ధతి. మనిషిని చంపునది ఆ కలిపిన పొడియే. అసలు మందునే లెక్కించినచో, చాకచక్యముగా పలుచన చేసిన వ్యాపారి తప్పించుకొనును. పొడుల విషయములో ఈ వాదమునకు బలమున్నది. ద్రవముల విషయములో మాత్రము తూచునది మందును కాదు, నీటిని.

ఈ చిక్కు మనకే వచ్చినది కాదు. ఎల్‌ఎస్‌డి మందును కాగితపు ముక్కలకు అద్ది అమ్ముదురు. 1991లో చాప్‌మన్ కేసులో అమెరికా సుప్రీంకోర్టు కాగితము బరువునుగూడ లెక్కించవలెనన్నది. రెండేండ్లకే, 1993లో, ఆ దేశపు శిక్షానిర్ణయ సంఘము కాగితమును తూచుట మాని, ఒక్కొక్క మోతాదునకు 0.4 మిల్లీగ్రాము అని లెక్క కట్టు పద్ధతిని తన మార్గదర్శకములలో చేర్చినది. కనీస శిక్షల చట్టము మారకున్నను, తూకము చాలదని ఒప్పుకొనుటయే అందులోని విశేషము.

2015 నేర్పిన పాఠము

చట్టము తూకము చూచును. శరీరము మోతాదును, కాలమును చూచును. మెదడులో గాబా అను రసాయనము నాడీకణముల ఉద్రేకమునకు కళ్లెము వేయుచుండును. బెంజోడయజిపీనులు ఆ కళ్లెమును బిగించును. ఆల్కహాలును అదే పని చేయును గనుక రెండును కలిసినపుడు ఊపిరి మందగించు ప్రమాదమున్నది. ప్రతిదినము మందు పడుచున్న మెదడు దానికి అలవాటుపడి, తన సొంత కళ్లెమును వదులు చేసికొనును. అట్టి దశలో మందు హఠాత్తుగా ఆగినచో ఉద్రేకము కట్టుతెంచుకొనును: వణకు, నిద్రలేమి, భ్రాంతి, ఫిట్లు. ఆల్ప్రాజోలం సగము తరిగిపోవుటకు పట్టు కాలము సుమారు 11 గంటలే. డయజిపామునకు ఇంతకంటె చాల హెచ్చు. అందువలన ఆల్ప్రాజోలం మానినవారికి ఈ బాధ త్వరగాను, తీవ్రముగాను వచ్చును.

2015లో తెలంగాణములో కల్తీకల్లుపై గట్టి దాడులు జరిగినపుడు నిజామాబాదు, మహబూబ్‌నగరు జిల్లాలలో ఇదే జరిగినది. కల్లు దొరకక జనులు వింతగా ప్రవర్తించుచు, ఫిట్లతో పడిపోవుచు ఆస్పత్రులకు చేరిరి. నేరమును అరికట్టుటకు చేసిన మంచిపని, వైద్యమును వెంటబెట్టుకొని పోనందున, బాధితులనే దెబ్బకొట్టినది. పదేండ్ల తరువాత, 2025 జూలైలో, కూకట్‌పల్లి ప్రాంతములో కల్తీకల్లు త్రాగి పలువురు ఆస్పత్రుల పాలైరి, కొందరు మరణించిరి. ఒకచోట మందు ఆగి ఆపద. మరొకచోట మందు పడి ఆపద. రెండింటికిని మూలము, త్రాగువానికి తన సీసాలో ఎంత ఉన్నదో తెలియకపోవుటయే.

చేయదగినది

మందును మిశ్రమమునుండి వేరుపరచి మిల్లీగ్రాములలో కొలుచు క్రోమటోగ్రఫీ పద్ధతులు మన ప్రయోగశాలలకు క్రొత్తవి కావు. పట్టుబడిన ద్రవములో అసలు మందెంతయో, అది ఎన్ని మోతాదులకు సమానమో నివేదికలో వ్రాయించి, శిక్షను దానితో ముడివేయుట కష్టసాధ్యము కాదు. దాడి జరుగు పేటకు పోలీసులతోపాటు వైద్యుడును వెళ్లవలెను; మందును క్రమక్రమముగా తగ్గించు చికిత్స దగ్గరి ఆస్పత్రిలో సిద్ధముగా ఉండవలెను. కఠినమైన శిక్ష పొడి తయారుచేసినవానికి చెల్లవలెను. 2023లో హైదరాబాదులో నీరా కేఫ్ తెరచినట్లు, పులియని రసమును చల్లగా నిలువచేసి అమ్ము ఏర్పాట్లు పెరిగినచో గీతకార్మికునకును గౌరవప్రదమైన బ్రతుకు దొరకును.

ఉపాధ్యాయులు తొమ్మిదవ తరగతిలో ద్రావణముల గాఢత చెప్పునపుడు ఉప్పునీటి ఉదాహరణమునే ఏటేట చెప్పుదురు. ఒకసారి ఈ చెంచా కల్లు లెక్కను నల్లబల్లమీద చేయించి చూడవచ్చును. పదిలక్షలలో ఒక పాలు అనగా నేమో విద్యార్థికి అప్పుడు బోధపడును. ద్రావితమును విడిచి ద్రావణిని తూచిన విద్యార్థికి పరీక్షలో సున్న పడును; అదే తప్పును చట్టము చేసినపుడు ఒక మనుష్యుని పదేండ్లు పోవచ్చును.