కత్తెర తెలిసిన కెమెరా

కెమెరామన్ మార్కస్ బార్ట్‌లీ పేరెత్తగానే మనవాళ్లకు వెన్నెలే గుర్తొస్తుంది. ‘మాయాబజార్’ పడవపాటలో ఆయన కాయించిన వెన్నెలను ఇప్పటికీ ‘విజయా వారి చందమామ’ అని మురిపెంగా చెప్పుకుంటాం. న్యాయమే గాని, ఆ పొగడ్త అరిగిపోయింది. ఆయన మీద ఈ పుస్తకం రాసిన రచయిత అక్కడితో ఆగలేదు. బార్ట్‌లీ కెమెరాలో కత్తెర ఎక్కడ దాగుందో వెతికాడు. ఎడిటింగ్ గదిలో తల నెరిసిన నాకు అందుకే నచ్చాడు.

‘స్వర్గసీమ’ (1945), ‘పాతాళభైరవి’ (1951) సంగతులు చకచకా చెప్పి, 1957 నాటి ‘మాయాబజార్’ దగ్గర తీరిగ్గా కూర్చున్నాడు. మంచి పని చేశాడు. కంప్యూటర్లు లేని ఆ రోజుల్లో ఒక మనిషి ఇంకో మనిషిగా మారాలంటే ఏం చేసేవారు? ఒకరిని కదలకుండా నిలబెట్టి కెమెరా ఆపాలి. అదే చోట రెండోవారిని నిలిపి మళ్లీ తిప్పాలి. ఈలోగా స్టాండు వెంట్రుకవాసి జరిగినా, ఒక్క లైటు మందగించినా గుట్టు రట్టే. అంటే కోత సెట్లోనే పడిపోయిందన్నమాట! అక్కడ తప్పిన లెక్కను టేబుల్ మీద ఎంతటి ఎడిటరూ దిద్దలేడు. పైగా దర్శకుడు కె.వి.రెడ్డి ఏ సీను ఎంతసేపు నడవాలో షూటింగుకు ముందే గడియారం పెట్టి తేల్చుకునే మనిషి. ఆయన దగ్గర కెమెరామన్ అందమైన షాటు తీస్తే చాలదు, దాని నిడివీ ఎరిగి ఉండాలి.

మలయాళ చిత్రం ‘చెమ్మీన్’ (1965) అధ్యాయం మాత్రం నాకు చాలలేదు. స్టూడియో వెన్నెలకు పేరుపడ్డవాడు కేరళ తీరంలో రంగుల సముద్రాన్ని పట్టాడు. ఆ ఫిల్మును కూర్చినవారిలో హృషీకేశ్ ముఖర్జీ ఒకరు. ఆయన కలకత్తా న్యూ థియేటర్స్‌లో కెమెరా పనితో మొదలై కత్తెర పట్టినవాడు! ఆ సినిమాకు రాష్ట్రపతి స్వర్ణపతకం వచ్చిందని రచయిత రాసి ఊరుకుంటే ఎలా? ఒకరి పని ఇంకొకరికి తెలిసిన ఇద్దరు ఆ సినిమాలో కలిశారు, అసలు కథ అది.

‘గుండమ్మ కథ’ (1962)ను పేరాలో దాటేయడమూ ఒప్పుకోను. రుబ్బురోలు దగ్గరి పాటలో ఎన్టీఆర్ ముఖం ఎప్పుడు చూపాలి, సావిత్రి ముఖం ఎంతసేపు నిలపాలి అన్నది మాయలూ మంత్రాలూ లేని కెమెరా పని. మలిముద్రణకు ముందు ఆ రీలు మరోసారి వేసుకుని చూడమని రచయితకు నా మాట.